ఆవిడ మీకేమవుతారు

మా వైపు ఇల్లు అద్దెకి కావాలంటే ముందు అడిగేది ఏం ఉద్యోగమని కాదు. పక్కన నిలబడ్డ మనిషిని గడ్డంతో చూపించి, ఆవిడ మీకేమవుతారు అని అడుగుతారు. నూజివీడులో అయినా అంతే, మైలవరంలో అయినా అంతే. జవాబు ఒక్క మాటలో ఉండాలి. అక్క, చెల్లి, పిన్ని, అత్త, వదిన. ఇన్ని పీటలు వేసి పెట్టారు కదా, ఏదో ఒకదాని మీద కూర్చోవాలి. నిలబడే ఉంటానంటే ఇల్లు లేదు.

మమ్మల్ని మొదటిసారి అడిగినప్పుడు, మేం నోరు తెరిచేలోపే ఇల్లు చూపించడానికి వచ్చిన బ్రోకరు "అక్కాచెల్లెళ్ళండీ" అనేశాడు. ఇద్దరికీ కళ్ళజోళ్ళున్నాయి. అంతకు మించి మా ఇద్దరికీ పోలిక లేదు. ఆమె నాకంటే రెండేళ్ళు పెద్దది కాబట్టి ఆ రోజు నుంచి వీధి మొత్తానికి ఆమె మా అక్క అయిపోయింది. పాలావిడ మీ అక్క లేదా అంటుంది. గ్యాస్ బండ తెచ్చే అతను మీ అక్కగారి సంతకం కావాలంటాడు. అన్న ప్రతిసారీ నాకు ఒళ్ళు మండేది. ఆమెకి మండేది కాదు. ఆమె ఒక ప్రైవేటు స్కూల్లో లెక్కల టీచరు. పేరు పోతే పని పోతుంది, పని పోతే ఇల్లు పోతుంది అనే లెక్క ఆమెకి బాగా తెలుసు. అననీ, ఆ మాట వల్లే కదా మనం తలుపేసుకుని ప్రశాంతంగా ఉంటున్నాం అనేది. నేను గిన్నెలు కాస్త గట్టిగా తోమేదాన్ని.

నేను సినిమా తీసిన మనిషిని. తీసింది ఒకటే. మిగతా రోజుల్లో పెళ్ళి వీడియోలు ఎడిట్ చేసి బతుకుతాను. మా నాన్న మామిడికాయల కమీషన్ కొట్టు నడిపేవాడు. ఆయన పోయాక నా వాటాకి వచ్చినదాంతో, ఉంగుటూరు మేనమామ తిట్టిన తిట్లన్నీ వింటూనే, ఆ ఒక్క సినిమా తీశాను. అప్పటికి తెలుగు తెర మీద నేను చూసినంతలో, ఇద్దరాడవాళ్ళు ఒకరినొకరు ఇష్టపడ్డారంటే హాల్లో వెకిలి నవ్వు కోసమే. లేదంటే చివర్లో ఎవరో ఒకరు చావాలి. చూసి చూసి విసుగెత్తి నేనే తీస్తానని దిగాను.

కథ మా తోటల్లోదే. మా దగ్గర పూత మీదే తోట కాపుని వర్తకుడికి అమ్మేస్తారు. పూత నుంచి కోత దాకా కోతులు రాకుండా, దొంగలు పడకుండా వర్తకుడు కాపలా మనుషుల్ని పెడతాడు. తోటలోనే పాక వేసుకుని అక్కడే వండుకు తింటారు. మామూలుగా మొగుడూ పెళ్ళాలని పెడతారు. నా కథలో ఆ సంవత్సరం మనుషులు దొరక్క, ఒకరికొకరు తెలియని ఇద్దరాడవాళ్ళని పెట్టాడు. ఆఖరి కాయ దిగేదాకా వాళ్ళకి ఒక పాక, ఒక పొయ్యి. కాయ దిగాక ఎవరి దారి వాళ్ళు చూసుకోవాలి. చూసుకుంటారా లేదా అన్నదే కథ. ఎవరూ చావరు. ఎవరికీ పిచ్చెక్కదు. దాని మీద నేను చాలా పట్టుదలగా ఉన్నాను.

ఇంకో పట్టుదల కూడా ఉంది. ఆ ఇద్దరూ సినిమా మొత్తంలో ఒకర్నొకరు వరస పెట్టి పిలుచుకోరు. మా ఊళ్ళో ఇది జరగని పని. బస్సులో సీటు కోసం జుట్టూ జుట్టూ పట్టుకునేవాళ్ళు కూడా "ఏం వదినా" అనే మొదలుపెడతారు. సినిమాలో కూడా వర్తకుడు వాళ్ళని అమ్మా అంటాడు, కాయలు ఏరడానికి వచ్చినవాళ్ళు అక్కా అంటారు, పిన్నీ అంటారు. వాళ్ళిద్దరి మధ్య మాత్రం ఇటు చూడు, విన్నావా, తిన్నావా. అంతే. వరస చెప్పని ఆ చోటే నా సినిమా. మిగతాదంతా చెట్లూ కాయలూ.

ఒక సీనుంది. మామిడికాయ తొడిమ విరిగితే సొన చిమ్ముతుంది. అది ఒంటి మీద పడితే కాలినట్టు పొక్కి పుండవుతుంది. మా వైపు మనుషుల చేతులూ మెడలూ చూస్తే తెలుస్తుంది. ఆ సీన్లో ఒకామె మెడ వెనక సొన పడుతుంది. రెండో ఆమె పాకలోంచి కొబ్బరినూనె తెచ్చి వేలితో రాస్తుంది. రాయడం అయిపోయాక చెయ్యి తీయబోతుంటే మొదటి ఆమె అంటుంది, "ఇంకొంచెం సేపు." సినిమాలో ప్రేమ అనే మాట ఎక్కడా లేదు. ఉన్నది ఈ మాటే. ఇది నేను రాసింది కాదు. మేం కలిసి ఉండటం మొదలుపెట్టిన కొత్తల్లో, ఒక మధ్యాహ్నం వంటింట్లో ఆమె మెడనొప్పికి నేను మందు రాస్తుంటే ఆమె అన్నది. అడిగే తీసుకున్నాను. చాలాసేపు ఆలోచించి, సరే, కానీ అది ఎవరిదో చెప్పకు అంది.

మెడ మీద సొన పడిన పాత్ర వేసింది రెడ్డిగూడెం వైపు తోటల్లో కాయలు ఏరే ఆవిడ. ఎదురుగా నిలబడి మాట్లాడితే పది చెట్ల అవతలికి వినపడే గొంతు. రెండో పాత్ర బెజవాడ నాటకాల అమ్మాయి. నూనె సీను వెనక నుంచి తీస్తానన్నాను. మెడ, వేలు, నూనె, అంతే కనిపించాలి. మనుషుల్ని అంత దగ్గరగా చూసేటప్పుడు మొహంలోకి తొంగి చూడటం నాకు మొరటుగా అనిపించింది. ఆవిడకి మాత్రం కోపం వచ్చింది.

"మొహం కనపడకపోతే నేనెందుకమ్మా? అది నేనేనని మావాళ్ళు ఎట్టా నమ్ముతారు?"

"గొంతు నీదే కదా, గుర్తుపడతారులే" అన్నాను.

సరేనంది. తర్వాత బెజవాడ తీసుకెళ్ళి ఏసీ గదిలో డబ్బింగు చెప్పిస్తే చలికి ముక్కు తుడుచుకుంటూ చెప్పింది. మొదట్లో కాయలు బేరమాడుతున్నట్టు వచ్చింది ఆ మాట. చాలాసార్లు చెప్పించాక, విసిగిపోయి గొంతు తగ్గించి ఒక్కసారి అంది. అద్దం అవతల నేను ఆ ముక్కనే మళ్ళీ మళ్ళీ వేయించుకుని విన్నాను. అయిపోయిందా, టీ తాగొచ్చా అని ఆవిడ అడుగుతూనే ఉంది.

సినిమాని చిన్న చిన్న గదుల్లో, కుర్చీలు మేమే సర్దుకుని చూపించాం. చూసినవాళ్ళలో కొందరు అమ్మాయిలు అందరూ వెళ్ళాక నా దగ్గరికి వచ్చి ఏమీ అనకుండా చెయ్యి పట్టుకుని వెళ్ళిపోయేవాళ్ళు. నాకు అది చాలనిపించేది. కొన్నాళ్ళకి ఫోన్లలో సినిమాలు చూపించే హైదరాబాదు కంపెనీ ఒకటి తీసుకుంటానంది. ఎగిరి గంతేశాను. బొమ్మ వేరుగా, మాటలు వేరుగా, సంగీతం వేరుగా పంపమన్నారు. అది మామూలే కాబట్టి పంపాను.

వాళ్ళ యాప్‌లో సినిమా వచ్చిన రోజు మా ఇంట్లో టీవీలో పెట్టుకుని ఇద్దరం చూస్తున్నాం. పళ్ళెంలో చిన్న రసాలు పెట్టుకుని తింటున్నాం. నూనె సీను వచ్చింది. అదే మెడ, అదే వేలు. "ఇంక చాల్లే అక్కా" అని వినిపించింది.

గొంతు రెడ్డిగూడెం ఆవిడది కాదు. ఎవరో పట్నం అమ్మాయిది. శుభ్రంగా, చక్కగా, వార్తలు చదువుతున్నట్టు. నా పక్కన ఆమె చేతిలో పండు పళ్ళెంలో పెట్టేసింది. నేను వెనక్కి తిప్పి మళ్ళీ పెట్టాను. ఇంక చాల్లే అక్కా. మిగతా సినిమా అంతా గాలించాను. వీపులు కనిపించే చోట, దూరంగా నడిచే చోట, చీకట్లో పడుకుని మాట్లాడుకునే చోట, పెదాలు కనపడని ప్రతిచోటా ఒక అక్కా తెచ్చి పెట్టారు. మర్యాద కోసం నేను మొహం తిప్పుకున్న చోటల్లా దొంగలు దూరారు.

ఫోన్ చేశాను. కంపెనీ తరఫున మాట్లాడిన అతను చాలా మర్యాదస్తుడు. ఆ మర్యాద తలుచుకుంటే ఇప్పటికీ నా చెవులు కాలతాయి.

"ఒక్క ఫ్రేమ్ కూడా కట్ చెయ్యలేదు మేడమ్. ఒక్క మాటే కదండీ. ఇప్పుడు ఫ్యామిలీ అంతా కూర్చుని చూస్తున్నారు."

కట్ చేసి ఉంటే బాగుండేదిరా నాయనా. కట్ చేస్తే ఇక్కడ కోశారు చూడండి అని నలుగురికీ చూపించుకునేదాన్ని. ధర్నా చేసేదాన్ని. సినిమాని ఆపేస్తే ఆపేశారని చరిత్రలో ఒక మూల రాసేవాళ్ళు. వీళ్ళు కొయ్యలేదు, ఆపలేదు, తిట్టలేదు. నా చేతులతో పెంచిన చెట్టుకి ఇంకేదో అంటు కట్టి, చూడండి కాయ ఎంత తియ్యగా ఉందో అని నాకే చూపించారు. కాగితాల్లో అవసరమైన మార్పులు చేసుకోవచ్చని ఒక ముక్క ఉందట. లాయరు అది చదివి కళ్ళజోడు తీసి పక్కన పెట్టాడు. కాపాడతారని చేతికిస్తే కంచే చేను మేసింది.

పైగా సినిమా ఆడింది. అదీ నా ఖర్మ. అక్కాచెల్లెళ్ళ అనుబంధాన్ని కళ్ళకు కట్టారు మేడమ్ అని దండాల బొమ్మలతో మెసేజులు. పుట్టింటికెళ్ళి మా అక్కని చూసొచ్చానని ఒకావిడ ఏడుస్తూ వాయిస్ పంపింది. ఆవిడ మీద కోపం ఎలా తెచ్చుకోను? తెచ్చుకున్నాను, ఏం చెయ్యను. అన్నిటికంటే నన్ను కాల్చింది ఒక యూనివర్సిటీ అమ్మాయి ఫోను. తెలుగులో ఇద్దరాడవాళ్ళ ప్రేమని చూపించిన తొలి సినిమాల మీద పరిశోధన చేస్తోందట. మీ సినిమా ముందు రాసుకున్నాను మేడమ్, చూశాక అక్కాచెల్లెళ్ళలా కలిసిపోయిన ఇద్దరి కథ అనిపించి తీసేశాను, మీకు చెప్పడం మర్యాద అనిపించింది అంది. ఆమెకి ఇంటికి రమ్మని చెప్పి అసలు శబ్దం వినిపించాను. పాపం, విని ఏడ్చింది. ఎంతమందిని ఇంటికి పిలిచి వినిపించను?

ఆ రోజుల్లో మేమిద్దరం దెబ్బలాడుకున్నాం. వదిలెయ్ అనేది ఆమె.

"అది నీ మాట. నీ నోట్లోంచి తీసి పారేశారు. నీకేం అనిపించడం లేదా?"

"నా మాట నా దగ్గరే ఉంది. సినిమాలో లేకపోతే ఏం? పొద్దున్నే నేను స్కూల్లో ఉండాలి."

పిల్లికి చెలగాటం ఎలుకకు ప్రాణసంకటం అంటారు. నేనే ఆమెకి పిల్లిలా కనిపిస్తున్నానేమో అని అనుమానం వచ్చి ఊరుకున్నాను. కోపం మాత్రం ఎక్కడికీ పోలేదు. పచ్చడి జాడీలో ముక్కలా ఊరుతూ ఉంది.

ఈ ఏడు కాయ సీజను అయిపోయాక ఊళ్ళో వర్తకుల సంఘం వాళ్ళు కల్యాణమండపంలో సభ పెట్టారు. మన ప్రాంతానికి పేరు తెచ్చినవాళ్ళకి సన్మానమట. నా సినిమా వేసి, నాకు శాలువా కప్పుతారట. రానన్నాను. అసలు శబ్దం ఉన్న పెన్‌డ్రైవ్ ఇస్తాను, అదే వేస్తే వస్తానన్నాను. దానికేముందండీ అన్నారు. పొద్దున్నే తీసుకెళ్ళి చేతికిచ్చి, పనిచేస్తోందో లేదో చూసి మరీ వచ్చాను. రెడ్డిగూడెం ఆవిడకి కబురు పెట్టాను. కొత్త చీర కట్టుకుని, బంధువుల్ని ఆటో నిండా వేసుకుని వచ్చింది. ఎప్పుడూ ఇలాంటివాటికి రాని ఆమె కూడా చీర ఇస్త్రీ చేసుకుని వచ్చి నా పక్కన కూర్చుంది. మా ఇంటి ఓనరమ్మ వచ్చింది. ఆమె లెక్కలు చెప్పే స్కూలు ఓనరు ముందు వరసలోనే ఉన్నాడు, సంఘంలో ఆయన కూడా పెద్దమనిషే మరి.

దీపాలార్పారు. వాళ్ళిద్దరి మధ్య మొదటి అక్కా వినపడగానే నాకు అర్థమైంది. లేచి వెళ్ళి అడిగితే, ఆ పెన్‌డ్రైవ్ ఎందుకో పట్టడం లేదు మేడమ్, యాప్‌లో ఉంది కదా అదే పెట్టాం, క్వాలిటీ కూడా బాగుంది అన్నారు. ఇంక ఏమనాలి? సభలో అరిస్తే పిచ్చిదంటారు. వచ్చి కూర్చున్నాను. నూనె సీను వచ్చింది. మెడ, వేలు, నూనె. ఇంక చాల్లే అక్కా.

వెనక నుంచి రెడ్డిగూడెం ఆవిడ లేచి నిలబడింది.

"అది నా గొంతు కాదు. నేనట్టా అన్లేదు."

కూర్చోమ్మా కూర్చో అన్నారు చుట్టూ ఉన్నవాళ్ళు. నవ్వారు. ఆవిడ బంధువులు ఆవిడ వైపు అనుమానంగా చూశారు. ఆవిడ కూర్చోలేదు. అన్ని కుర్చీల మీదుగా నన్ను చూస్తూ, "ఏమ్మా, గొంతు నీదే అన్నావుగా?" అంది. మోసం చేసినదాన్ని అడిగినట్టే అడిగింది. నా పక్కన ఆమె చేతులు ఒళ్ళో పెట్టుకుని, ఆ నిలబడ్డ మనిషి వైపు తిరిగి చూస్తూ ఉండిపోయింది.

సినిమా అయింది. దీపాలు వెలిగాయి. నన్ను స్టేజీ మీదకి పిలిచి, సింహాసనంలాంటి పెళ్ళి కుర్చీలో కూర్చోబెట్టారు. అక్కాచెల్లెళ్ళంటే ఇలా ఉండాలని సంఘం అధ్యక్షుడు చాలాసేపు మాట్లాడాడు. తర్వాత మైకులో, ఈ సినిమాకి స్ఫూర్తి ఎవరో మనందరికీ తెలుసు, దర్శకురాలి అక్కగారు వచ్చి శాలువా కప్పాలని కోరుతున్నాం అన్నాడు. చప్పట్లు. ఆమె రాదనుకున్నాను. వచ్చింది. మెట్లెక్కి, శాలువా తీసుకోకుండా మైకు తీసుకుంది. రోజూ క్లాసులో మాట్లాడే గొంతే.

"నేను అక్కని కాదండీ."

అధ్యక్షుడు ఒక్క క్షణం తడబడ్డాడు. మా ఊళ్ళో ఆ తడబాటు ఎక్కువసేపు ఉండదు. పీటలు బోలెడున్నాయి కదా. నవ్వుతూ, "ఓహో, వదినగారా, క్షమించాలి" అన్నాడు. హాలంతా హాయిగా నవ్వి మళ్ళీ చప్పట్లు కొట్టింది. ఆ చప్పట్లు వింటుంటే కుర్చీ ఎత్తి విసిరెయ్యాలనిపించింది నాకు. ఆమె చప్పట్లు ఆగేదాకా ఆగింది.

"వదిననీ కాదు. ఇందాక అక్కడ ఆవిడ చెప్పింది, నేనట్టా అనలేదని. నేను కూడా ఎప్పుడూ అనలేదు. మీరే అన్నారు. మేమిద్దరం కాపురం చేస్తున్నామండీ. పదేళ్ళయింది."

కాపురం అనే మాటకి మా వైపు ఇంకో అర్థం లేదు. మైకు కుయ్యిమంది. ఆమె మైకు జాగ్రత్తగా స్టాండులో పెట్టి, శాలువా తీసి నాకు కప్పి, మెట్లు దిగి వెళ్ళి తన కుర్చీలో కూర్చుంది. ఎవరూ చప్పట్లు కొట్టలేదు. ఎవరూ తిట్టలేదు కూడా. కాసేపటికి ఎవరో భోజనాలు సిద్ధంగా ఉన్నాయని చెప్పారు. పంక్తిలో మాకు అటూ ఇటూ విస్తళ్ళు ఖాళీగానే ఉన్నాయి. వడ్డించేవాళ్ళు మాత్రం పులిహోర రెండోసారి కూడా అడిగారు.

ఎందుకు చెప్పావని దారిలో అడిగాను. ఆ కూలీ ఆవిడ తన గొంతు కోసం అందరి ముందూ లేచి నిలబడింది, నేను కూర్చుని ఉన్నాను, సిగ్గేసింది అంది.

ఆ వారమే స్కూలు వాళ్ళు తల్లిదండ్రులు అడుగుతున్నారండీ, కొన్నాళ్ళు సెలవు పెట్టండి అన్నారు. ఎన్నాళ్ళు అంటే చెప్పరు. ఆమె దగ్గర లెక్కలు నేర్చుకున్న పిల్లల తల్లిదండ్రులే వాళ్ళు. ఓనరమ్మ గేటు దగ్గర నిలబడి, మా అమ్మాయికి సంబంధాలు చూస్తున్నామమ్మా, నెలాఖరుకి చూసుకోండి అంది. ఎవరూ గొంతు పెంచలేదు. ఒక్కరైనా పెంచితే నేను కూడా పెంచుదామని కాచుకుని కూర్చున్నాను. మా ఊరి మంచితనం మీద నాకు అసహ్యం వేసింది, రాసుకోండి. రెడ్డిగూడెం ఆవిడ ఒక్కతే ఫోన్ చేసి, నా ముక్క నాకు పంపమ్మా, మావాళ్ళు నమ్మట్లేదు అంది. ఆవిడ ఆ మాట అన్న ఒక్క ముక్కా కోసి ఫోనుకి పంపాను. ఇప్పుడు అది ఆవిడ రింగ్‌టోను. తోటలో ఆవిడకి ఎవరు ఫోన్ చేసినా చెట్ల మధ్య నుంచి "ఇంకొంచెం సేపు" అని వినిపిస్తుందట.

ఇల్లు వెతుకుతున్నాం. నూజివీడులో ఎవరూ ఇవ్వరని తేలిపోయాక మైలవరం వెళ్ళాం. ఒకచోట తలుపే తియ్యలేదు. ఇంకోచోట ఒక పెద్దావిడ లోపల కూర్చోబెట్టి కాఫీ ఇచ్చింది. రెండు గదులు, వెనక కొబ్బరిచెట్టు, నీళ్ళకి ఇబ్బంది లేదు. మాంసం వండుతారా అంది. ఆదివారాలు మాత్రం అన్నాను. ఫర్వాలేదంది. అప్పుడు ఆమెని గడ్డంతో చూపించి నన్ను అడిగింది.

"ఆవిడ మీకేమవుతారు?"

నేను నోరు తెరిచేలోపే ఆమె చెప్పింది. కాపురం అన్న మాటే వాడింది. పెద్దావిడ చాలాసేపు మా ఇద్దర్నీ చూసింది. నేను కోపాన్ని సిద్ధం చేసుకుంటున్నాను. కానీ ఆవిడ మంచిది. నిజంగానే మంచిది. ముందుకు వంగి, గొంతు తగ్గించి, మాకేదో మేలు చేస్తున్నట్టుగా అంది.

"మీ ఇష్టం అమ్మా, నాకెందుకు. ఎవరన్నా అడిగితే మాత్రం అక్కాచెల్లెళ్ళని చెప్తాన్లే. ఎవరికీ ఇబ్బంది ఉండదు."

నెలాఖరు ఎంతో దూరం లేదు. ఆ రెండు గదులూ నాకు నచ్చాయి. పదేళ్ళు ఆ మాట కింద తలదాచుకున్న మనిషి ఆమె, వద్దన్నది నేను. అందుకే ఆమె వైపు చూశాను.

"అట్లా అయితే వద్దులెండి" అంది ఆమె. కాఫీ గ్లాసు కింద పెట్టి, నాకంటే ముందు వెళ్ళి గుమ్మం బయట చెప్పులేసుకుంది.